నదీ దేవతలు – గట్టు బాధ్యత

విశేష సంచికకు ఏదైనా వ్యాసం పంపమని సంపాదకవర్గం వారు కోరారు. పింఛను సవరణల గురించీ, కరువు భత్యం బకాయిల గురించీ సాధికారంగా రాయగల మిత్రులు మన సంఘంలో చాలామంది ఉన్నారు కనుక, నేను నాకు ఇష్టమైన ప్రాచీన చరిత్రను ఎంచుకున్నాను. నేను పండితుణ్ణి కాను. రెవెన్యూ శాఖలో గుమాస్తాగా చేరి, ముప్పై అయిదేళ్లు ఫైళ్లు నడిపి, 2008లో పదవీ విరమణ చేసినవాణ్ణి. ఆ తర్వాత గ్రంథాలయంలో కూర్చుని చదువుకున్నదే నా చరిత్ర జ్ఞానం. అయితే నదీ దేవతల గురించి చదవడానికి నాకొక సొంత కారణం ఉంది. ముందు అది మనవి చేస్తాను.

1986 ఆగస్టులో గోదావరికి వచ్చిన వరద మనలో చాలామందికి జ్ఞాపకం ఉండే ఉంటుంది. భద్రాచలం వద్ద 53 అడుగులకే మూడవ ప్రమాద హెచ్చరిక ఇస్తారు. ఆ ఏడు అక్కడ నీటిమట్టం 75.6 అడుగులకు చేరింది. అప్పుడు నేను డెల్టాలోని ఒక కార్యాలయంలో పనిచేస్తున్నాను. మా పరిధిలోని ఒక ఊరి వద్ద ఏటిగట్టుకు గండి పడి, పొలాల్లో ఇసుక మేట వేసింది. నష్టం లెక్కలతో పాటు గండి పడడానికి కారణం కూడా నివేదికలో రాయవలసి వచ్చింది. డ్రాఫ్టు రాసింది నేనే. కారణం అన్నచోట “దైవఘటన” అని ఒక్క మాట రాశాను. పైవారు సంతకం చేశారు. కొన్నాళ్లకు సహాయం జాబితా చదివి వినిపించడానికి ఆ ఊరు వెళితే, ఒక ముసలి రైతు, “గండెందుకు పడిందని రాశారు బాబూ?” అని అడిగాడు. చెప్పాను. ఆయన కాసేపు ఊరుకుని, “అయితే గోదారమ్మ మీదికి తోసేశారన్నమాట” అని లేచి వెళ్లిపోయాడు.

ఆ మాట నన్ను చాలాకాలం వదల్లేదు. నదిని దేవతగా కొలిచిన పూర్వులు, ఆ నది ముంచినప్పుడు తప్పు ఎవరిమీద వేసేవారు? అన్నీ దేవతమీదికి తోసి చేతులు దులుపుకొనేవారా? విరామ జీవితంలో తీరికగా చదువుతుంటే నాకు దొరికిన సమాధానాలు నాలుగు దేశాలవి. వాటిని మీ ముందుంచుతున్నాను.

మొదటిది ఈజిప్టు. నైలునది వరదకు అధిదేవత హాపి. పురుషుడే గాని, నిండిన పొట్టతో, స్త్రీకి ఉన్నట్లు స్తనాలతో, తలమీద నీటిమొక్కలతో ఆయనను చిత్రించేవారు. నేలను పోషించేవాడు కనుక తల్లీ తండ్రీ ఆయనే అన్న భావన. దక్షిణాన ఆస్వాన్ దగ్గరి ఎలిఫెంటైన్ ద్వీపంలో ఖ్నూమ్ అనే పొట్టేలు తల దేవుడు వరదను విడిచిపెడతాడని నమ్మేవారు. వారికి ఏడాదికి మూడు ఋతువులు. అందులో మొదటి దాని పేరే వరద.

ఇంత భక్తి ఉన్నవారు లెక్క మానలేదు. అదే ఎలిఫెంటైన్ ద్వీపంలో నదిలోకి దిగే మెట్లు కట్టి, పక్క గోడమీద మూరల గీతలు చెక్కి, నీరు ఎంతవరకు వచ్చిందో చదివేవారు. పలెర్మో శిల అని పిలిచే ఒక రాతి ముక్కమీద, నాలుగువేల సంవత్సరాలకు పైబడిన కాలం నాటి రాజుల పాలనా వివరాల కింద, ఏ సంవత్సరం వరద ఎన్ని మూరలు, ఎన్ని బెత్తెలు, ఎన్ని వేళ్లు వచ్చిందో వరుసగా నమోదై ఉంది. మన ఆఫీసుల్లోని వర్షపాతం రిజిస్టరుకు అది ముత్తాత అనుకోవచ్చు. రోమన్ రచయిత ప్లినీ చెప్పిన లెక్క ప్రకారం, వరద పన్నెండు మూరలైతే కరువు, పదహారైతే సంబరం. స్ట్రాబో అనే గ్రీకు భూగోళవేత్త ఎలిఫెంటైన్ చూసి వచ్చి, ఈ కొలత రైతులకు నీటి పంపకానికీ, అధికారులకు శిస్తు అంచనాకూ పనికివస్తుందని రాశాడు. జమాబందీ చేసినవారికి ఈ సంగతి విడమరచి చెప్పనక్కరలేదు. 1970లో ఆస్వాన్ పెద్ద ఆనకట్ట పూర్తయ్యాక ఈజిప్టులో పూర్వపు వరద లేదు. మెట్లు మాత్రం నేటికీ ఉన్నాయి.

రెండవది మెసపొటేమియా, అంటే నేటి ఇరాక్. అక్కడ మంచినీటి దేవుడు ఎంకి. భూమి అడుగున ఉండే అబ్జు అనే జలరాశి ఆయన నివాసం, ఎరిడు నగరం ఆయన క్షేత్రం. భుజాలనుండి రెండు పాయలు జారుతూ, వాటిలో చేపలు ఈదుతూ ఉన్నట్లు ముద్రలమీద ఆయన బొమ్మ కనిపిస్తుంది. బాబిలోనియా సృష్టిగాథలో యూఫ్రటిస్, టైగ్రిస్ నదులు తియామత్ అనే ఆదిజలదేవత కళ్లనుండి పుట్టాయని చెబుతారు. వారికి నది దేవతే కాదు, న్యాయమూర్తి కూడా. క్రీ.పూ. 18వ శతాబ్దం నాటి హమ్మురాబి ధర్మశాసనంలోని రెండవ సూత్రమే ఇది: చేతబడి నేరం మోపబడినవాడు నదిలో దూకాలి. మునిగితే నేరస్థుడు, తేలితే నిర్దోషి. తేలినప్పుడు నేరం మోపినవాడికి మరణదండన.

నదికి ఇంత అధికారం ఇచ్చిన ఆ శాసనమే మరికొన్ని సూత్రాల్లో ఏం చెప్పిందో చూడండి. తుపాను దేవుడు అదద్ పొలాన్ని పాడుచేసినా, వరద పంటను కొట్టుకుపోయినా, నీరు లేక ధాన్యం పండకపోయినా, అప్పు పడిన రైతు ఆ ఏడు వడ్డీ చెల్లించనవసరం లేదు. ఇది 48వ సూత్రం. దైవఘటనకు మాఫీ అన్నమాట. కానీ ఒకడు తన గట్టును బలపరచడంలో బద్ధకించి, ఆ గట్టుకు గండి పడి నీరు పొలాలమీద పడితే, నష్టపోయిన ధాన్యం అతడే ఇచ్చుకోవాలి. ఇది 53వ సూత్రం. ఇచ్చుకోలేకపోతే అతణ్ణీ అతని ఆస్తినీ అమ్మి, వచ్చిన వెండిని నష్టపోయినవారు పంచుకోవాలి. ఇది 54. శిక్ష క్రూరమైనదే, నేను దాన్ని సమర్థించడం లేదు. కానీ దైవం చేసినదీ మనిషి చేయక చెడినదీ ఒక కాలమ్‌లో రాయకూడదన్న తెలివి వారికి అప్పుడే ఉంది. ఈ సూత్రాలు మొదటిసారి చదివిన రోజు పుస్తకం మూసేసి చాలాసేపు కూర్చున్నాను.

మూడవది చైనా. ఇది ముఖ్యంగా మన ఉద్యోగులు చదవవలసిన కథ. సిమా చియన్ మహాచరిత్రకు తర్వాత చేర్చిన భాగంలో ఉంది. క్రీ.పూ. 5వ శతాబ్దంలో వెయి రాజ్యంలో యె అనే ప్రాంతానికి షీమెన్ పావో అనే అధికారి బదిలీ అయి వచ్చాడు. వచ్చీ రాగానే ఊరి పెద్దల్ని పిలిచి ప్రజల కష్టమేమిటని అడిగాడు. నదీ దేవుడు హోపోకు ఏటా ఒక కన్యను పెళ్లి చేయాలి, లేకపోతే వరద ముంచుతుందని ఆచారం. ఆ పెళ్లికని స్థానిక పెద్దలూ, కచేరీ గుమాస్తాలూ కలిసి ప్రజలవద్ద లక్షలకు లక్షలు నాణేలు వసూలు చేసి, రెండు మూడు లక్షలు ఖర్చుపెట్టి, మిగిలింది పూజారిణులతో పంచుకునేవారు. ఆడపిల్లలున్న ఇళ్లవాళ్లు ఊరు విడిచి పారిపోతుండేవారు. గుమాస్తా వర్గం ఆనాడే అలా ఉందని చదివి నాకు నవ్వూ వచ్చింది, సిగ్గూ వేసింది.

పెళ్లిరోజున అధికారి నది ఒడ్డుకు స్వయంగా వెళ్లాడు. పిల్లను చూసి, “ఈమె అందంగా లేదు. ఇంకో పిల్లను పంపుతామని దేవుడితో చెప్పి రండి” అంటూ ముసలి పూజారిణిని నదిలో వేయించాడు. ఆమె తిరిగి రాలేదు. ఆలస్యమేమిటో కనుక్కోమని ఆమె శిష్యురాళ్లు ముగ్గురిని ఒకరి తర్వాత ఒకరిని, ఆ పైన ఊరిపెద్దనూ పంపాడు. తర్వాత నదివైపు వంగి, వినయంగా చాలాసేపు నిలబడి, ఇక గుమాస్తాలను పంపుదామా అని అడిగాడు. వాళ్లు నుదుళ్లు చిట్లేలా నేలకు కొట్టుకుని బతిమాలారు. ఆ రోజుతో నది పెళ్లి ఆగిపోయింది.

కథ ఇక్కడితో ఆగితే అది మూఢనమ్మకాన్ని అణచిన కథ మాత్రమే అయ్యేది. షీమెన్ పావో ఆ తర్వాత ప్రజలచేత పన్నెండు కాలువలు తవ్వించి, నది నీటిని పొలాలకు మళ్లించాడు. శ్రమ ఎక్కువని జనం గొణిగితే, ఇప్పుడు తిట్టుకున్నా మీ మనవళ్లు నన్ను తలుచుకుంటారని అన్నాడట. తరువాతి కాలంలో హన్ వంశపు అధికారులు రహదారికి అడ్డమని ఆ కాలువలను కలిపివేయబోతే, అవి ఆయన చేసి పెట్టినవని ప్రజలు ఒప్పుకోలేదు. ధవళేశ్వరం ఆనకట్ట కట్టించిన కాటన్ దొరను మన డెల్టా రైతులు నేటికీ తలుచుకోవడం చూస్తే, నీటిపని చేసిపెట్టినవాణ్ణి జనం ఎక్కడైనా మరచిపోరని తెలుస్తుంది.

నాలుగవది మన దేశం. ఋగ్వేదంలో జలాలను తల్లులుగా స్తుతించారు, సరస్వతిని నదిగానూ దేవతగానూ కీర్తించారు. గుప్తుల కాలం నాటికి మకరవాహనంమీద గంగా, తాబేలుమీద యమునా గుడి ద్వారబంధాలకు చేరాయి. మన గోదావరిని గౌతమ మహర్షి తెచ్చాడు కనుక గౌతమి అంటున్నాం. ఈ గాథలు మీకు తెలిసినవే. నేను చెప్పదలచినది గుజరాత్‌లో జునాగఢ్ వద్ద ఉన్న ఒక బండరాయి గురించి. దానిమీద అశోకుని ధర్మశాసనాలతో పాటు, క్రీ.శ. 150 నాటి రుద్రదాముని సంస్కృత శాసనం ఉంది. సుదర్శన తటాకం చరిత్ర అది. చంద్రగుప్త మౌర్యుని కాలంలో పుష్యగుప్తుడనే అధికారి ఆ చెరువు కట్టించాడు. అశోకుని కాలంలో తుషాస్ఫుడు కాలువలు తీయించాడు. రుద్రదాముని కాలంలో పెనుతుపాను వచ్చి, పర్జన్యుడు భూమినంతా సముద్రం చేసినట్లు కురిసి, సువర్ణసికత, పలాశిని మొదలైన ఏరులు పొంగి కట్ట తెగింది. గండి పొడవు 420 మూరలు, వెడల్పు అంతే, లోతు 75 మూరలని కొలతలతో సహా చెక్కారు.

గండి అంత పెద్దదని మంత్రులు వెనుకాడారు, ప్రజలు ఆశ వదులుకున్నారు. అయినా రాజు ప్రజలమీద పన్ను గాని వెట్టి గాని వేయకుండా, తన కోశాగారం సొమ్ముతో, పూర్వం కంటే మూడింతలు దృఢంగా కట్ట వేయించాడు. ఆ పని నడిపిన అధికారి పేరు సువిశాఖుడు. మూడువందల సంవత్సరాల తర్వాత స్కందగుప్తుని కాలంలో కట్ట మళ్లీ తెగింది, చక్రపాలితుడు బాగుచేయించాడు. ఆ శాసనం కూడా ఆ రాతిమీదే ఉంది. అందులో ఆ ఏరులను తమ భర్త అయిన సముద్రుని వద్దకు వెళ్లే స్త్రీలుగా వర్ణించారు. నదిని దేవతగా గౌరవిస్తూనే, కట్ట బాగుచేసిన మనిషి పేరు పక్కనే రాశారు.

గమనించండి. అక్కడా కారణం దైవఘటన అనే రాశారు. కానీ దానితో ఫైలు మూసెయ్యలేదు. గండి కొలిచారు, ఖర్చు ఎవరు పెట్టారో చెప్పారు, బాధ్యుడైన అధికారి పేరు చెక్కారు.

ఇప్పుడు నా సంగతి పూర్తిచేస్తాను. 1986 ఏప్రిల్‌లో ఆ ఊరివారు మా కార్యాలయానికి ఒక అర్జీ ఇచ్చారు. ఏటిగట్టుకు బొరియలు పడ్డాయి, వరదలు రాకముందే మట్టి వేయించండి అని. ఇన్వార్డు నంబరు వేసింది నేనే. దాన్ని సంబంధిత శాఖకు పంపించవలసింది. జమాబందీ పనుల ఒత్తిడిలో ఒక కట్టలో పెట్టి మరిచాను. వరద తగ్గిన తర్వాత, నివేదిక వెళ్లిపోయిన తర్వాత, కట్ట విప్పితే ఆ కాగితం కనిపించింది. దానిమీద వేలిముద్రల్లో ఆ ముసలి రైతుది కూడా ఉంది. ఎవరికీ చెప్పలేదు. మళ్లీ అదే కట్టలో పెట్టి తాడు బిగించాను.

అర్జీ పంపి ఉంటే అంతటి వరదకు గట్టు నిలిచేదని నేను అనను. ఆ ఏడు చాలాచోట్ల గట్లు తెగాయి. కానీ పంపి ఉంటే, దైవఘటన అని రాసే హక్కు నాకు ఉండేది.

2015 పుష్కరాలకు గోదావరిలో స్నానం చేసి, పసుపు కుంకుమ వదిలినప్పుడు ఈ సంగతే మనసులో చెప్పుకున్నాను. ఆ రైతుతో చెప్పవలసింది నదితో చెప్పుకున్నానని ఒడ్డుకు వచ్చాక తెలిసింది. అప్పుడు కూడా గోదారమ్మమీదికే తోశానన్నమాట! అందుకే ఈ వ్యాసం రాశాను.

2022 జూలైలో భద్రాచలం వద్ద గోదావరి మళ్లీ 71.3 అడుగులకు వచ్చింది. నది తన పని తాను చేస్తూనే ఉంటుంది. మన పిల్లలూ అల్లుళ్లూ కోడళ్లూ ఎంతోమంది నేడు ఉద్యోగాల్లో ఉన్నారు. అమ్మవారికి మొక్కండి, తప్పులేదు. వేసవిలో వచ్చిన అర్జీని మాత్రం వేసవిలోనే పంపించండి అని వారికి ఒక మాట చెప్పవలసిందిగా మిత్రులందరికీ నా మనవి.

స్వస్తి.