కిబెరా

కిబెరా కెన్యా రాజధాని నైరోబీలోని పేదల వాడ. నగర కేంద్రానికి నైరుతి దిక్కున సుమారు 6 కిలోమీటర్ల దూరంలో ఉంటుంది. ఒక వైపు గోల్ఫ్ మైదానం, దిగువన పూడిక నిండిన నైరోబీ డ్యామ్. బ్రిటిష్ పాలకులు భారతీయ కూలీలను రప్పించి వేయించిన పాత ఉగాండా రైలు మార్గం వాడ మధ్య నుంచే పోతుంది. లైనీ సబా, లిండి, మకీనా, గత్వెకెరా, సొవెటో లాంటి పేర్లతో డజనుకు పైగా చిన్న పేటలు కలిసి ఈ వాడ అయింది.

కిబెరా కథంతా భూమి కథే. కింగ్స్ ఆఫ్రికన్ రైఫిల్స్ దళంలో పనిచేసిన సూడాన్ మూలాల నూబియన్ సైనికులను 20వ శతాబ్ది తొలి ఏళ్లలో వలస ప్రభుత్వం ఇక్కడి అడవి భూమిలో ఉండనిచ్చింది. 1918లో హద్దులు నిర్ణయించేటప్పటికి అది 4,197 ఎకరాలు. కానీ పట్టా మాత్రం ఎవరి చేతిలోనూ పెట్టలేదు. 1963లో స్వాతంత్ర్యం వచ్చాక కూడా అది సర్కారు భూమిగానే మిగిలింది. పడమటి జిల్లాల నుంచి లువో, లుహ్యా ప్రజలు, ఇంకా కాంబా, కికుయు తదితరులు పనుల కోసం వచ్చి చేరారు. చుట్టూ కొత్త కాలనీలు లేచేకొద్దీ నూబియన్ల భూమి తరుగుతూ వచ్చింది. చివరకు 2017లో 288 ఎకరాలకు వారికి సామూహిక పట్టా దక్కింది.

పట్టా లేకపోయినా అద్దె మాత్రం ఉంది. ఇక్కడి కుటుంబాల్లో అత్యధికులు అద్దెకుండేవారే. గది కట్టించినవాడే యజమానిగా చెలామణీ అవుతాడు. అతను తరచూ వేరే చోట ఉంటాడు. మట్టి గోడలు, పైన రేకులు, పన్నెండడుగుల గది: మామూలు ఇంటి కొలత ఇదే. రేపు కూల్చేస్తారేమోనన్న చోట పక్కా గోడ లేపడానికి ఎవరూ సాహసించరు. ప్రభుత్వ సంస్థలు కూడా అక్రమ నివాసమన్న కారణంతో నీళ్ల గొట్టాలు, మురుగు కాలువలు వేయడంలో దశాబ్దాల తరబడి వెనకాడాయి. ఆ ఖాళీలో చిల్లర వ్యాపారులు నీళ్లమ్మారు. 20 లీటర్ల డబ్బాల లెక్కన కొనుక్కునే పేదవాడికి, ఇంట్లో కుళాయి ఉన్న సంపన్నుడి కంటే లీటరుకు ఎక్కువ ధరే పడేది. మరుగుదొడ్లు చాలక మలాన్ని ప్లాస్టిక్ సంచుల్లో కట్టి విసిరేసే అలవాటు ప్రపంచ పత్రికలకెక్కింది. ఆ తర్వాత స్వచ్ఛంద సంస్థలు సామూహిక మరుగుదొడ్లు కట్టాయి. కొన్నిచోట్ల వాటి గ్యాసుతోనే వంట చేస్తారు. షోఫ్కో సంస్థ నేలమీద కాక స్తంభాలపై నుంచి నీటి గొట్టాలు నడిపింది.

జనాభా విషయంలో చాలాకాలం అతిశయోక్తే రాజ్యమేలింది. పది లక్షలనీ, ఆఫ్రికాలోకెల్లా పెద్ద మురికివాడనీ రాసేవారు. 2009 జనగణన 1,70,070 మందిని లెక్కగట్టింది. ఈ సంఖ్య తక్కువని వాదించేవారున్నారు గానీ, పది లక్షలకు ఆధారం ఎవరూ చూపలేదు. పెద్ద సంఖ్య విరాళాలకు పనికొచ్చిందన్న అనుమానం అసమంజసం కాదు. ఎన్నో పటాల్లో ఈ చోటు ఖాళీగానే ఉండేది. 2009లో మ్యాప్ కిబెరా పథకం కింద స్థానిక యువకులే జీపీఎస్ పట్టుకు తిరిగి సందులనూ బడులనూ కుళాయిలనూ గుర్తించారు.

సందుల్లో స్వాహిలీతో పాటు యువత మాట్లాడే షెంగ్ వినిపిస్తుంది. రోడ్డు పక్క పెనాల మీద మందాజీలు, ఎండబెట్టి వేయించిన ఒమెనా చేపలు, వాటి సరసనే భారతీయ వలసదారులతో ఈ దేశానికొచ్చిన చపాతీ అమ్ముతారు. పొద్దున్నే వేల మంది నిర్మాణ పనులకూ ఇళ్లలో పనులకూ కాలినడకన బయల్దేరతారు.

1992 నుంచి 2013 వరకు రాజకీయ నేత రైలా ఒడింగా ప్రాతినిధ్యం వహించిన లంగాటా నియోజకవర్గంలో కిబెరా భాగంగా ఉండేది. 2007 డిసెంబరు ఎన్నికల ఫలితాలపై చెలరేగిన హింసలో ఇక్కడ ఇళ్లు తగలబడ్డాయి, రైలు పట్టాలు పెకలించారు. 2013లో కిబ్రా పేరుతో ఇది విడి నియోజకవర్గమైంది.

ప్రభుత్వం, ఐక్యరాజ్యసమితి నివాసాల సంస్థ యూఎన్ హాబిటాట్ కలిసి చేపట్టిన పునర్నిర్మాణ పథకంలో 2009లో సొవెటో తూర్పు వాసులు కొందరిని లంగాటా ఫ్లాట్లకు తరలించారు. కొందరు ఆ గదులను స్తోమతున్నవారికి అద్దెకిచ్చి తిరిగి వాడకే వచ్చేశారు. 2018 జులైలో కొత్త రోడ్డు కోసం వేల మంది ఇళ్లనూ, కొన్ని బడులనూ కూల్చేశారు. పునరావాసం సంగతి అప్పటికింకా తేలలేదు.