ఎలుక దొంగ పతనం

ఎదో నగరంలో, అంటే నేటి టోక్యోలో, ప్రభువుల భవనాలకు ఎత్తైన గోడలుండేవి, రేయింబవళ్లు కాపలా ఉండేది. ఆ గోడలు నకామురా జిరోకిచిని ఆపలేకపోయాయి. కట్టడాల దగ్గర కూలి చేసిన ఒళ్లు, మంటలార్పే దళంలో ఆరితేరిన కాళ్లు. జనం ముద్దుగా 'నెజుమి కోజో' అన్నారు: ఎలుక కుర్రాడు. ఉన్నవాళ్లను దోచి లేనివాళ్లకు పంచాడని కథలల్లారు. 1825లో ఒకసారి దొరికాడు. పచ్చబొట్టు పొడిచి ఊరు వెళ్లగొట్టారు. అయినా చెయ్యి ఆగలేదు.

ఈ దొంగనే 1931లో దాయిసుకే ఇతో మూకీ సినిమాగా తెరకెక్కించాడు. మూలకథ ఎయిజి యోషికావాది, దొంగ వేషం దెంజిరో ఓకోచిది. భటులు వెంటాడుతుంటే జిరోకిచి ఎదో విడిచి ఒసాకా వైపు పారిపోతాడు. దారిలో ఒసెన్ తారసపడుతుంది. సొంత అన్నే బేరం పెట్టిన ఆడది, ఈ దొంగ మీద ప్రాణం పెట్టుకుంటుంది. అతని మనసు మాత్రం ఒకినో అనే పేదపిల్ల మీదికి మళ్లుతుంది. ఆ ఇంటికి ఆ దుస్థితి ఎలా వచ్చిందో ఆరా తీస్తే తేలింది ఒక్కటే: ఒకప్పుడు తాను చేసిన దొంగతనమే వాళ్లను కూల్చింది.

జిరోకిచి పతనం అక్కడే జరిగిపోయింది. భటుల లాంతర్లు చుట్టుముట్టడం తర్వాతి మాట. దోచింది ప్రభువునే అనుకున్నాడు. ఆ దెబ్బ ప్రభువు కొలువులో బతికే ఒకినో ఇంటివాళ్ల నెత్తిన పడింది. ఆ అప్పు ఏ సొమ్ముతో తీరుతుంది? చివరికి అతణ్ని తప్పించడానికి ఒసెన్ తన ప్రాణాన్నే ఇచ్చింది. ఒక ఇంటిని ముంచినవాడు, తనను ప్రేమించిన మనిషినీ దక్కించుకోలేకపోయాడు.

చరిత్రలో మాత్రం జిరోకిచి తప్పించుకోలేకపోయాడు. 1832లో ఒక ప్రభువు ఇంట్లో పట్టుబడ్డాడు. వందకు పైగా దొంగతనాలు ఒప్పుకున్నాడు. ఊరంతా తిప్పి తల నరికి, ఆ తలను జనం చూసేలా పెట్టారు. దోచిన సొమ్ము పెద్దగా దొరకలేదు. అది పేదలకు చేరిందని జనం నమ్మారు. జూదానికీ తాగుడుకీ పోయిందని చరిత్రకారులంటారు. ర్యోగొకులోని ఎకో-ఇన్ గుడిలో అతని సమాధి ఉంది. అదృష్టం కలిసొస్తుందని జనం ఇప్పటికీ ఆ సమాధి ముందున్న రాతిని గీరి పొడి తీసుకెళ్తారు.

నమ్మకం జనానిది, దాన్ని తప్పుపట్టలేం. కానీ ఇతో సినిమా ఆ నమ్మకం అడగని ప్రశ్న అడిగింది: దొంగ చేసిన దానానికి వెల చెల్లించిందెవరు? ఒకినో కుటుంబం తన బతుకుతో చెల్లించింది, ఒసెన్ తన ప్రాణంతో చెల్లించింది. దొంగను వీరుడిగా పాడుకునే ఏ దేశమైనా ఆ ఇద్దరి పేర్లను కూడా పాటలో చేర్చుకోవాలి.