మూడు పేటలు, ఒక కుంపిణీ: బందరు పేర్లలో బహుళజాతి వర్తక చరిత్ర

మచిలీపట్నంలో నేటికీ మూడు పేర్లు వాడుకలో ఉన్నాయి: వలందపాలెం, ఇంగ్లీషుపాలెం, పరాసుపేట. హాలెండువారు తెలుగు నోట వలందులయ్యారు, ఫ్రెంచివారు పరాసులయ్యారు. మూడు దేశాల వర్తక సంస్థలు ఒకే రేవులో పోటీపడిన కాలానికి ఈ పేర్లు సాక్ష్యం. తరవాతి కాలంలో తెలుగులో ఒక్క మాటే మిగిలింది: కుంపిణీ. 1830-31లో కాశీయాత్ర చేసిన ఏనుగుల వీరాస్వామయ్య ఆ మాట వాడితే, ఏ కుంపిణీ అని పాఠకుడు అడగవలసిన అవసరమే లేదు. మూడు పేర్లు ఒక్క పేరుగా కుదించుకుపోయిన ఈ క్రమంలోనే నేతగాడి బేరమాడే శక్తి కూడా క్షీణించిందని ఈ వ్యాసం ప్రతిపాదిస్తున్నది.

నేటి బహుళజాతి సంస్థలకు పూర్వరూపంగా చరిత్రకారులు తరచు పేర్కొనే డచ్చి ఈస్టిండియా కంపెనీ 1602లో ఏర్పడింది. దాని వాటాలు ఆమ్‌స్టర్‌డామ్‌లో చేతులు మారేవి. యుద్ధం చేయడానికి, కోటలు కట్టడానికి, ఒడంబడికలు చేసుకోవడానికి దానికి అధికారపత్రం ఉండేది. 1605లో వలందులు బందరు చేరారు. మరుసటి ఏడాది గోల్కొండ సుల్తాను నుంచి సుంకాల తగ్గింపు పొందారు. ఇంగ్లీషువారు 1611లో, ఫ్రెంచివారు 1669లో వచ్చారు.

వీరి వ్యాపారం ఐరోపాకూ తెలుగు తీరానికీ మధ్య సాగిన రాకపోకలు మాత్రమే అనుకోవడం పొరపాటు. ఐరోపా సరుకులకు ఆసియాలో గిరాకీ తక్కువ. జాజికాయ, లవంగం పండే తూర్పు దీవులవారు కోరింది గుడ్డలు. అందుచేత వెండి, బంగారం బందరుకు వచ్చి బట్టలయ్యేవి. బట్టలు దీవులకు వెళ్లి సుగంధద్రవ్యాలయ్యేవి. ఐరోపాలో అసలు లాభం వాటిమీదనే. కోరమండల తీరం మలుకు దీవులకు ఎడమచేయి వంటిదని 1612లో హెండ్రిక్ బ్రౌవర్ అనే డచ్చి అధికారి వర్ణించడంలో అతిశయోక్తి లేదు. 1621లో జాజికాయపై గుత్తాధిపత్యం కోసం బాండా దీవుల ప్రజలను యాన్ కోయెన్ సేనలు దాదాపు తుడిచిపెట్టాయి. చిరివేరుతో ఎర్రరంగు వేసిన మన బట్ట ఏ మార్కెట్టుకు చేరుతున్నదో, అక్కడ ఏం జరుగుతున్నదో కృష్ణా తీరపు అద్దకంవారికి తెలిసే దారి లేదు. ఆ సమాచారమంతా కుంపిణీ చేతిలో ఉండేది. మగ్గం మాత్రం దానిది కాదు.

మగ్గానికీ ఓడకూ మధ్య దుబాసీలు, స్థానిక వర్తకులు ఉండేవారు. నేతగాడికి ముందుగా బయానా అందేది. దీన్ని కేవలం అప్పుల ఉచ్చుగా చూసే అలవాటు మన సాహిత్య విమర్శలోనూ ఉంది. పద్దెనిమిదో శతాబ్దపు దక్షిణ భారత నేతగాళ్లను పరిశోధించిన ప్రసన్నన్ పార్థసారథి వాదన దీనికి భిన్నం: బయానా తిరిగి ఇచ్చివేసి ఒప్పందం నుంచి తప్పుకొనే వెసులుబాటు నేతగాడికి ఉండేది, వర్తకుడికి ఆ వెసులుబాటు ఉండేది కాదు. ఒకరి ధర నచ్చకపోతే మరొకరి గుమాస్తా పక్క వీధిలోనే ఉండగా ఇది సాధ్యమే. మూడు పేటల అర్థం ఇక్కడే ఉందని నా అభిప్రాయం.

1759లో ఇంగ్లీషువారు బందరు కోటను ఫ్రెంచివారి నుంచి గెలుచుకొన్నారు. 1765 నాటి మొగలు ఫర్మానా, 1766 నాటి నిజాము ఒడంబడిక ఉత్తర సర్కారులను వారికి కట్టబెట్టాయి. వలందులు భీమునిపట్నం వంటి చోట్ల, మధ్యలో తెగినా, 1825 దాకా కొనసాగారు గాని బేరాన్ని మార్చగల స్థితిలో లేరు. కొనేవాడే పాలకుడైనాక, తన పని పూర్తికానిదే ఇతరులకు నేయరాదన్న కట్టడి వచ్చింది. మగ్గాల దగ్గర బంట్రోతుల కాపలా వచ్చింది. బయానా అప్పటి నుంచి నిజంగా ఉచ్చయింది.

నరసాపురం దగ్గరి మాధవాయపాలెంలో ఇంగ్లీషు కుంపిణీకి ఒక వర్తకస్థానం ఉండేది. అక్కడి సన్నని నూలుబట్టను ఆ ఊరి పేరుమీదనే విదేశాలు ‘మాడపొల్లం’ అన్నాయి. బందరు పేటలకు పరదేశులు పేర్లిచ్చినట్లే ఈ పల్లె పరదేశపు బట్టకు పేరిచ్చింది. 1833 చట్టం కుంపిణీ వర్తకానికి స్వస్తి పలికింది. ఆ శతాబ్దంలోనే లాంకషైర్ మిల్లులు తాము నేసిన గుడ్డకు మాడపొల్లం అని పేరుపెట్టి ఓడలకెక్కించి, మన దేశపు రేవుల్లోనే దింపాయి.