కౌంటీ బరిలో మనవాళ్లు

ఏప్రిల్ వచ్చేసరికి నరసరావుపేట, మాచర్ల, గురజాల మైదానాల్లో నేల బిరుసెక్కి నెర్రెలిస్తుంది. సరిగ్గా ఆ నెలలోనే ఇంగ్లండ్‌లో కౌంటీ సీజన్ మొదలవుతుంది. అక్కడ పిచ్‌లో తేమ, చేత్తో కుట్టిన డ్యూక్స్ బంతి, గంటకో తీరుగా మారే ఆకాశం. ఎండిన నేల మీద ఆట నేర్చిన పల్నాటి కుర్రాడు ఆ బంతిని వీడియోలో ఎన్నిసార్లు చూసినా కాళ్లకు అలవాటు కాదు, అక్కడ నెలల తరబడి ఆడాల్సిందే. తెలుగు నేల నుంచి కౌంటీలకు వెళ్లినవాళ్ల చరిత్ర చూస్తే, కౌంటీ క్రికెట్ ఇచ్చే ఫలం అక్కడ గడిపిన కాలాన్ని బట్టే ఉంటుందని నాకు గట్టిగా అనిపిస్తుంది.

హైదరాబాద్‌లో పుట్టిన అబ్బాస్ అలీ బేగ్ వెళ్లింది ఆక్స్‌ఫర్డ్‌లో చదువుకోవడానికి. 1959లో భారత జట్టుకు అవసరం పడి పిలిస్తే, ఓల్డ్ ట్రాఫోర్డ్‌లో తొలి టెస్టులోనే 112 పరుగులు చేశాడు. తర్వాత సోమర్సెట్‌కు ఆడాడు. 1968లో విదేశీ ఆటగాళ్లను నివాస నిబంధన లేకుండా తీసుకునే వీలు కలగడంతో ఫరూఖ్ ఇంజనీర్ లాంకషైర్‌లో, బిషన్ సింగ్ బేడీ నార్తాంప్టన్‌షైర్‌లో ఏళ్ల తరబడి ఆడారు. ఆ కోవలో మన అజారుద్దీన్ 1991లో డెర్బీషైర్‌కు వెళ్లాడు. ఆ ఒక్క సీజన్‌లో ఫస్ట్‌క్లాస్ పరుగులు 2016, శతకాలు 7. అప్పట్లో ఒక్కో కౌంటీ చాంపియన్‌షిప్‌లో 22 మ్యాచ్‌లు ఆడేది. ఇవాళ 14.

అజార్ 1990లోనే లార్డ్స్‌లో, ఓల్డ్ ట్రాఫోర్డ్‌లో టెస్టు శతకాలు కొట్టాడు కదా, కౌంటీ అతనికి కొత్తగా నేర్పిందేమిటని అడగవచ్చు. ప్రశ్న సబబే, అతని మణికట్టు హైదరాబాద్‌ ఇచ్చిందే. కానీ ఒక సిరీస్‌లో మెరవడం వేరు, వారానికో ఊరు, రోజుకో వాతావరణంలో ఒక వేసవంతా ఆ మెరుపు నిలుపుకోవడం వేరు. ఆ రెండోది 1990లో తేలలేదు, 1991లో తేలింది.

2008లో ఐపీఎల్ వచ్చి ఏప్రిల్, మే నెలలను తీసేసుకుంది. దాని రాకకు అటూ ఇటూ, 2007లో, 2009లో మన లక్ష్మణ్ లాంకషైర్‌కు ఆడాడు. కాకినాడలో పుట్టిన హనుమ విహారి 2021లో వార్విక్‌షైర్‌కు ఆడింది మూడు మ్యాచ్‌లు, తొలి ఇన్నింగ్స్‌లో 23 బంతులాడి బ్రాడ్ చేతిలో సున్నాకే అవుటయ్యాడు. అదే జనవరిలో సిడ్నీలో 161 బంతులు కాచి టెస్టును కాపాడినవాడు అతను! ఓపిక లేక ఓడిపోయాడనడం అన్యాయం. అలవాటు పడేలోపే అతని కాలం ముగిసింది.

ఐపీఎల్ డబ్బు కుటుంబాలను నిలబెట్టే డబ్బు, దాన్ని కాదనమని ఆటగాడికి చెప్పే హక్కు ఎవరికీ లేదు. అయితే ఐపీఎల్ వేలంలో అమ్ముడుపోని ఎర్రబంతి బ్యాటర్లు ప్రతి రాష్ట్రంలోనూ ఉన్నారు. భారత టెస్టు జట్టులో చోటు పోయిన పుజారా 2022 ఏప్రిల్లో ససెక్స్‌కు వెళ్లి, పరుగుల వరద పారించి, జులైకల్లా ఎడ్జ్‌బాస్టన్ టెస్టుకు తిరిగొచ్చాడు. ఆంధ్ర రంజీ జట్టులో అలాంటి ఒకరిద్దరినైనా ఏటా వేసవిలో ఇంగ్లండ్ పంపే బాధ్యత మన క్రికెట్ సంఘం తీసుకోవాలి, పంపితే పూర్తి సీజన్‌కే పంపాలి.