ఎస్టీ సీటు ఏ ఊరి లెక్కన? ఉత్తర తెలంగాణ వైద్య సీట్ల కేటాయింపుపై ఒక పరిశీలన

ఆదిలాబాద్ ఆదివాసుల గురించి రాసేవారందరూ మానవ శాస్త్రవేత్త హైమన్‌డార్ఫ్ దగ్గర మొదలుపెడతారు. చాలామంది అక్కడే ఆగిపోతారు. నా అభ్యంతరం ఆ ఆగిపోవడం మీదే. జోడేఘాట్‌లో కుమ్రం భీం నేలకొరిగిన తర్వాత ఈ అడవులకు వచ్చి, మార్లవాయి కేంద్రంగా గోండు పిల్లలకు చదువు అందించిన ఆయన కృషిని ఎవరూ కాదనరు. అయితే 1976 సవరణ చట్టం తెలంగాణ లంబాడాలను ఎస్టీ జాబితాలో చేర్చడం గోండులకు నష్టం చేసిందని 1982లో ‘ట్రైబ్స్ ఆఫ్ ఇండియా’లో ఆయన చేసిన వాదన ప్రధానంగా భూమికి సంబంధించినది. భూమికి చెప్పిన కారణాన్నే తర్వాతివారు ఎంబీబీఎస్ సీటుకూ అంటగట్టారు. 2017లో గోండు–లంబాడా ఘర్షణలతో ఏజెన్సీ (షెడ్యూల్డ్ ప్రాంతం) అట్టుడికినప్పటి నుంచి అదే తిరుగులేని నిజంగా చలామణి అవుతోంది.

ఉట్నూరు, జైనూరు, తిర్యాణి వైపు బైపీసీ చదివిన పిల్లల ఇళ్లలో మాట్లాడితే వినిపించే కథ వేరు. అక్కడ సీటును తేల్చేది లాంగ్‌టర్మ్ నీట్ కోచింగ్. పదో తరగతి కాగానే పిల్లను కరీంనగర్‌కో హైదరాబాద్‌కో పంపి, ర్యాంకు రాకపోతే మరో ఏడాది లాంగ్‌టర్మ్ ఫీజు కట్టగలిగిన ఇల్లు గోండుదైనా లంబాడాదైనా పోటీలో ఉంటుంది. కట్టలేని ఇల్లు ఏ తెగదైనా ఉండదు.

కేటాయింపు నిబంధన ఈ తేడాను తగ్గించదు, పెంచుతుంది. 1974 రాష్ట్రపతి ఉత్తర్వు తెలంగాణ జిల్లాలన్నిటినీ ఉస్మానియా పరిధి పేరిట ఒకే స్థానిక ప్రాంతంగా కట్టింది. 2024లో స్థానికత నిబంధనలు మారినా రాష్ట్రమంతా ఒకే ప్రాంతమన్న పద్ధతి మారలేదు. ఆసిఫాబాద్‌నే చూడండి. 2023లో అక్కడ 100 సీట్లతో ప్రభుత్వ వైద్య కళాశాల తెరిచారు. అఖిల భారత కోటాకు 15 శాతం పోగా మిగిలే 85 సీట్లలో ఎస్టీల 10 శాతం అంటే ఎనిమిదో తొమ్మిదో. అవి రాష్ట్రవ్యాప్త ఎస్టీ ర్యాంకుల వరుసలో నిండుతాయి. కళాశాల గేటుకు కూతవేటు దూరంలో ఉన్న ఆశ్రమ పాఠశాలలో చదివిన అమ్మాయికి అక్కడ ప్రత్యేక హక్కేమీ లేదు. 2008 నాటి ఆదిలాబాద్ రిమ్స్‌లోనూ, 2022లో వచ్చిన మంచిర్యాల, జగిత్యాల, రామగుండం కళాశాలల్లోనూ, 2023లో వచ్చిన నిర్మల్, కరీంనగర్, సిరిసిల్ల కళాశాలల్లోనూ ఇదే తీరు. జిల్లాకో కళాశాల వచ్చింది కానీ జిల్లాకు సీటు రాలేదు.

2024 ఆగస్టు 1న సుప్రీంకోర్టు ఎస్సీ ఉపవర్గీకరణకు తలుపు తెరిచాక, ఎస్టీలనూ తెగలవారీగా విడదీస్తే సరిపోతుందనే వాదన బలపడింది. విడదీశారే అనుకుందాం. గోండు వాటాలో ఆదిలాబాద్ పట్టణంలో ఉద్యోగం చేసేవారి బిడ్డ ముందుంటుంది, తిర్యాణి రైతు బిడ్డ వెనకే ఉంటుంది. గుట్టల మీది కొలాం గూడెం, తోటి తెగ కుటుంబం ఇంకా వెనక. జాబితాను ఎన్ని ముక్కలు చేసినా ప్రతి ముక్కలోనూ లాంగ్‌టర్మ్‌దే గెలుపు.

ఏజెన్సీని ఒక ప్రాంతంగా లెక్కించడం మనకు కొత్త కాదు. షెడ్యూల్డ్ ప్రాంతాల టీచరు పోస్టులన్నీ స్థానిక గిరిజనులకే ఇస్తూ 2000లో 3వ నంబరు జీవో వచ్చింది. దాన్ని 2020లో సుప్రీంకోర్టు కొట్టివేసింది గానీ, నూరు శాతం చెల్లదన్నంత మాత్రాన కొంత శాతం కూడా చెల్లదని కాదు. బడిపంతులుకు వర్తింపజేసిన న్యాయం డాక్టరుకు ఎందుకు వర్తించదు? గోండీ, కొలామీ తెలియని డాక్టరుకు వానాకాలం జ్వరంతో వచ్చిన తల్లి తన బాధ ఎలా చెప్పుకుంటుంది? ఏజెన్సీ బడిలో చదివిన డాక్టరు ఏజెన్సీలో నిలిచే అవకాశం ఎక్కువ. 

అందుచేత పాత ఆదిలాబాద్ జిల్లాలోని నాలుగు ప్రభుత్వ కళాశాలల ఎస్టీ సీట్లలో సగాన్ని, ఆరు నుంచి పది వరకు షెడ్యూల్డ్ ప్రాంత బడుల్లో చదివినవారికి కేటాయించాలి. కాళోజీ ఆరోగ్య విశ్వవిద్యాలయం ప్రతి ఏటా ఎస్టీ సీట్ల వివరాలను తెగలవారీగా, అభ్యర్థులు చదివిన మండలాలవారీగా ప్రకటించాలి. అప్పటిదాకా గోండు–లంబాడా తగవుకు వైద్య సీట్లను సాక్ష్యంగా నిలబెట్టవద్దని తోటి పరిశోధకులను కోరుతున్నాను.