గచ్చుబావి పక్కన గాలి చొరని సభ

చెడుగుడుకు చెప్పులక్కరలేదు, పరుపులక్కరలేదు, కప్పు అసలే అక్కరలేదు. ఇది మా తరం ఎరుక. చోడవరం ప్రాంతంలో నేను పనిచేసిన బడులలో మైదానమంటే గులకరాళ్ళ నేల. వాన వెలిసిన మర్నాడు సున్నపు గీతలు నిలిచేవి కావు. పిల్లలు కర్రపుల్లతో గీసుకొని ఆడుకొనేవారు. తెలుగు పండితుడనైన నాకు ఆటలతో ప్రమేయమేమిటని అడుగుదురేమో. వ్యాయామోపాధ్యాయుడు లేని ఒకానొక ఏడాది, తక్కినవారందరూ చాకచక్యంగా తప్పుకోగా, ఆడపిల్లల జట్టును పోటీలకు తీసుకొనిపోయే భారం నా నెత్తిన పడింది.

ఆ జట్టులో తొమ్మిదో తరగతి పిల్ల ఒకతె ఉండేది. కూతకు వెళ్ళిందంటే ఇద్దరిని ముట్టకుండా తిరిగి వచ్చేది కాదు. పట్నంలో ఆ పోటీలు కప్పుగల క్రీడామందిరంలో, రబ్బరు పరుపుల మీద పెట్టారు. పరుపు మీద బూట్లతో ఆడాలట. ఆ సంగతి మాకు ముందుగా చెప్పినవారు లేరు. మా పిల్లలు వట్టి కాళ్ళతో దిగారు. మొదటి కూతలోనే ఆమె కాలు పట్టు తప్పింది, ఊపిరి తెగింది. ఓడిపోయి బస్సులో వస్తూ చాలాసేపటికి నోరు విప్పింది: "మాస్టారూ, అక్కడ నేల నేల్లాగ నేదండీ."

ఆ మాట నన్ను ఇన్నేళ్ళుగా వదలలేదు. ఆటను ఆరుబయటి నుండి గోడల మధ్యకు ఎవరు తెచ్చారు, ఎందుకు తెచ్చారు, అటువంటి మందిరాలు ఎవరి నేలమీద లేచాయి అని చదువుతూ పోతే దారి గచ్చిబౌలికి చేరింది.

గాలి చొరని సభ మనకు కొత్తది కాదు. భరతముని నాట్యశాస్త్రపు రెండవ అధ్యాయంలో ప్రేక్షాగృహాన్ని దీర్ఘచతురస్రం, చతురస్రం, త్రికోణం అని మూడు ఆకృతులలో చెప్పి, అది కొండగుహవలె ఉండాలనీ, గాలి విసరకూడదనీ నియమించాడు. ఆయన చింత నటుని గొంతు గురించి: గాలి వీస్తే పలుకు చెదురుతుంది. బ్యాడ్మింటన్ వారి చింత ఈకబంతి గురించి. పదహారు ఈకలు గుచ్చిన ఆ బంతి బరువు అయిదు గ్రాములకు అటూ ఇటూ. తలుపు తెరిచి ఎవరైనా లోనికి వచ్చినా దాని నడక మారుతుంది. అందుకే మన ఊళ్ళలో ఆరుబయట ఆడుకొన్నది ఉన్నిబంతి బ్యాడ్మింటన్. ఈకబంతి ఆట గోడలున్నచోటికి పోయింది. రెండువేల ఏళ్ళ నాటి ముని, నేటి ఆటగాడు ఒకే మాట కోరారన్నది నాకు ముచ్చటగా తోస్తుంది.

ఇక ఆ నేల కథ. 1972-73 నాటి జై ఆంధ్ర ఉద్యమం మా తరానికి బాగా గుర్తు. నెలల తరబడి బడులు మూతపడ్డాయి. ఆ కలహం చల్లార్చడానికి 1973 సెప్టెంబరు 21న ప్రకటించిన ఆరుసూత్రాల పథకంలో హైదరాబాదులో కేంద్ర విశ్వవిద్యాలయం ఒక అంశం. దానికై రాజ్యాంగాన్నే సవరించి 371-ఇ అధికరణాన్ని చేర్చారు. 1974లో శాసనం వచ్చింది, ఆ యేటి గాంధీ జయంతినాడు విశ్వవిద్యాలయం పుట్టింది. మొదట తలదాచుకొన్నది సరోజినీ నాయుడు ఇల్లయిన గోల్డెన్ త్రెషోల్డులో. తరువాత గచ్చిబౌలిలో సుమారు 2,300 ఎకరాలు చూపించారు. గచ్చు అంటే సున్నపు గార, బౌలి అంటే మెట్లబావి. నా మటుకు నాకు ఆ ఊరు గచ్చుబావి.

చూపించారన్నాను, ఇచ్చారనలేదు. ఆ నేల హక్కు కాగితం మీద రాష్ట్ర ప్రభుత్వం పేరిటనే ఉండిపోయింది. రెండు కలహాల నడుమ శాంతి కోసం పుట్టిన విద్యాలయానికి కాళ్ళకింది నేల ఖాయం కాలేదన్నమాట. నగరం పడమటికి పెరిగే కొద్దీ ఆ విస్తీర్ణంలోంచి ముక్కలు తెగుతూ వచ్చాయి. అలా తెగిన వాటిలో క్రీడాప్రాంగణం ఒకటి. 2002 డిసెంబరులో జరిగిన జాతీయ క్రీడల కోసం పెద్ద మైదానంతోపాటు కప్పుగల మందిరం కూడా లేచింది. మైదానానికి, ఆ ఏడాదే మార్చి 3న హెలికాప్టరు ప్రమాదంలో మరణించిన లోక్‌సభాపతి బాలయోగి పేరు పెట్టారు. 2003లో ఆఫ్రో ఏషియన్ క్రీడలు హైదరాబాదుకు వచ్చాయి.

నేను ఆ మందిరాన్ని చూచినది ఒకేసారి. 2009 ఆగస్టులో ప్రపంచ బ్యాడ్మింటన్ పోటీలు అక్కడ జరిగాయి. ఉగ్రవాద భయంతో ఇంగ్లండు జట్టు ఆడకుండానే వెళ్ళిపోయిందని పత్రికలన్నీ రాశాయి. పదిహేనవ తేదీ బడిలో జెండా ఎగురవేసి, పిల్లలకు బిళ్ళలు పంచి, సాయంత్రం అనకాపల్లిలో గోదావరి ఎక్కాను. మావాడు అక్కడ ఉద్యోగం చేస్తూ టిక్కెట్లు కొని ఉంచాడు. సైనా నెహ్వాల్ క్వార్టర్ ఫైనలులోనే ఓడిపోయింది కనుక మనవాళ్ళెవరూ లేని అంతిమ పోటీలవి. లిన్ డాన్ తన దేశస్థుడైన చెన్ జిన్‌ను గెలిచి మూడవసారి జగజ్జేత అయ్యాడు. ఆడవారిలో లూ లాన్ గెలిచింది. అయిదు టైటిళ్ళలో నాలుగు చైనావి, ఒకటి డెన్మార్కుది. ఆట సూక్ష్మాలు నాకు తెలియవు. నేను చూచినది నేల. ఆకుపచ్చగా, మరక లేకుండా, దీపాల కింద చెరువులా ఉంది. మా పిల్ల చెప్పింది నిజమే.

ఆ ప్రాంతంలోనే పుల్లెల గోపీచంద్ 2008లో తన శిక్షణాలయం తెరిచాడు. ప్రభుత్వమిచ్చిన అయిదెకరాలలో కట్టుకొన్నది. 2012లో సైనా కాంస్యం, 2016లో సింధు రజతం ఆ చెట్టు కాయలే. అయిదెకరాలు ఇంత పని చేశాయి.

అదే ఆటల పేరుతో మరొక బేరం కూడా జరిగింది. 2003లో ఐఎంజీ భారత అనే సంస్థకు క్రీడా శిక్షణాలయాల కోసమని 850 ఎకరాలు కేటాయించారు. అందులో 400 కంచ గచ్చిబౌలిలోనివి. కంచ అంటే పశువులు మేసే బీడు. 2004లో విశ్వవిద్యాలయం 534 ఎకరాలు వదులుకొని, బదులుగా గోపన్‌పల్లిలో 397 ఎకరాలు పుచ్చుకొన్నట్టు ఒప్పందం. కంచలో మందిరమూ రాలేదు, మైదానమూ రాలేదు. 2006లో ప్రభుత్వం కేటాయింపు రద్దు చేసింది. వ్యాజ్యం సుప్రీంకోర్టులో తేలేసరికి 2024 అయింది. ఈ ఇరవయ్యేళ్ళలో మనుషులు చేయలేనిది బీడు తానే చేసుకొంది. చెట్లు పెరిగాయి, నెమళ్ళు చేరాయి. 2025 మార్చి చివర యంత్రాలు వచ్చి చెట్లు కూల్చాయి. విద్యార్థులు అడ్డుపడ్డారు. ఏప్రిల్ 3న సుప్రీంకోర్టు పని ఆపించింది. ఆ పిమ్మట నలభై రోజులైనా గడవకముందే, మే 10న, క్రీడామందిరంలో ప్రపంచ సుందరి పోటీల ప్రారంభోత్సవం జరిగింది. సుందరీమణుల మీద నాకు కోపం లేదు. మందిరమన్నాక అద్దెకు పోక తప్పదు, 2022లో కరోనా కారణంగా ఒక వాలీబాల్ లీగు మొత్తం అక్కడే నడిచింది కూడా. ఆ క్రీడాప్రాంగణంలోని పద్నాలుగంతస్తుల భవనం 2020లో కరోనా ఆసుపత్రి అయి ఎందరినో ఆదుకొన్నది. ఆ ఉపయోగాన్ని ఎవరు కాదంటారు? కాని పక్కనే వేలమంది విద్యార్థులున్న ఆ మందిరంలో వారు ఆడుకొనే రోజులెన్ని, ఇతరులకిచ్చే రోజులెన్ని అని లెక్కవేయాలనిపిస్తుంది నాకు.

చెడుగుడు సంగతికి వస్తాను. 2014లో ప్రొ కబడ్డీ మొదలైనప్పుడు తెలుగు టైటన్స్ సొంతగడ్డగా విశాఖ పోర్టు వారి రాజీవ్ గాంధీ మందిరంలో ఆడారు, తరువాతి ఏళ్ళలో గచ్చిబౌలికి మారారు. మా పిల్ల అప్పటికే పెళ్ళయి గోవాడ దగ్గర కాపురముంటోంది. విశాఖలో ఆ ఆట చూడడానికి మగనితో కలిసి వెళ్ళిందట. తరువాత స్వయంభూ వినాయకుని గుడి దగ్గర కనబడి చెప్పింది. ఎలా ఉందమ్మా అన్నాను.

"బాగుందండి మాస్టారూ. అందరికీ బూట్లున్నాయి."