పూల సుబ్బయ్య పేరు, వెలిగొండ నీళ్ళు

మార్కాపురం, గిద్దలూరు, ఎర్రగొండపాలెం వైపు పూల సుబ్బయ్య పేరు తెలియనివాళ్ళు తక్కువ. సీపీఐ నాయకుడు. ఓట్లతో గెలిచి శాసనసభకు వెళ్ళి, కృష్ణ నీళ్ళను నల్లమల దాటించమని పట్టుబట్టినవాడు. వెలిగొండ ప్రాజెక్టుకు ఆయన పేరే పెట్టారు.

1996లో చంద్రబాబు నాయుడు శంకుస్థాపన చేశారు. 2004లో రాజశేఖరరెడ్డి పనులు మొదలుపెట్టించారు. 2024 మార్చిలో జగన్మోహన్ రెడ్డి సొరంగాలను జాతికి అంకితం చేశారు. అప్పటికి నీళ్ళూ రాలేదు, ముంపు గ్రామాలూ ఖాళీ కాలేదు. ప్రాజెక్టు ఎవరి ఘనత అన్నది ప్రతి ఎన్నికలోనూ తగువే. ఆ తగువులో సుబ్బయ్య పేరును మాత్రం ఎవరూ కాదనరు. నా అనుమానం అక్కడే మొదలైంది. కమ్యూనిస్టు రాజకీయాలు గిట్టనివాళ్ళు కూడా కమ్యూనిస్టు పేరును ఇంత తేలిగ్గా మోస్తున్నారంటే, అందులోంచి ఏదో తీసేసి ఉండాలి.

తీసేసింది భూమి ప్రశ్న అనుకుంటాను. శ్రీశైలం జలాశయంలో కొల్లంవాగు దగ్గర మొదలయ్యే రెండు సొరంగాలు, 43.5 టీఎంసీలు, 4.47 లక్షల ఎకరాలు. అన్నీ ఎకరాల లెక్కలే. 1997 నాటి చట్టం ప్రకారం నీటి సంఘంలో ఓటు రికార్డుల్లో పేరున్న భూయజమానికో, కౌలుదారుకో ఉంటుంది. కలుపు తీసి, పత్తి ఏరి, ఇంటికి నీళ్ళు మోసే మనిషి పేరు ఆ రికార్డుల్లో ఎక్కడ? శాసనసభ్యుణ్ణి ఎన్నుకోవడానికి ఆమె ఓటు చెల్లింది. ఆయన అడిగిన నీళ్ళు పొలానికి వచ్చేసరికి చెల్లదు. సోషలిజం వారసులమనే పార్టీలు కూడా ఈ మాట గట్టిగా ఎత్తుకోలేదు. వాళ్ళ కరపత్రాల్లోనూ రైతు అంటే మగవాడే.

ఇదే ప్రాంతంలో కంభం చెరువుంది. గుండ్లకమ్మకు అడ్డంగా దాన్ని కట్టించింది గజపతుల ఆడపడుచు, కృష్ణదేవరాయల భార్య వరదరాజమ్మ అని ఐతిహ్యం. నీటి చరిత్రలో ఒక స్త్రీ పేరు దొరికిందని మొదట నేనూ సంబరపడ్డాను. తర్వాత సిగ్గనిపించింది. కట్టకు మట్టి మోసినవాళ్ళను అడగకుండా రాణి పేరుతో తృప్తిపడితే, నాయకుడి పేరుతో తృప్తిపడేవాళ్ళకూ నాకూ తేడా ఏముంది?

ప్రాజెక్టు లక్ష్యాల్లో 15.25 లక్షల మందికి తాగునీరు కూడా ఉంది. బోరు తవ్వితే ఫ్లోరైడ్ నీళ్ళు పడే ఈ పల్లెల్లో సుబ్బయ్య వారసత్వాన్ని నేను ముందు ఆ అంకె దగ్గర వెతుకుతాను. ఆ తర్వాత సుంకేసుల, గొట్టిపడియ లాంటి ముంపు ఊళ్ళలో పరిహారం కాగితాలు ఎవరి పేరున రాశారో చూస్తాను.